ఎదుటి బెంచీ మీద సాక్షులు

వాళ్ల ముఖాలు చూడకూడదని బస్సులోనే గట్టిగా అనుకున్నాను, కానీ ఈ ఆర్డీవో ఆఫీసు వరండాలో బెంచీలు రెండే ఉన్నాయి, రెండూ ఎదురెదురుగా ఉన్నాయి, నేను దీని మీద కూర్చుంటే వాళ్లు వచ్చి దాని మీద కూర్చున్నారు, మధ్యలో మనిషి నడిచేంత జాగా తప్ప ఏమీ లేదు. తల ఎత్తితే సమ్మక్క ముఖం, దించితే సమ్మక్క పాదాలు, ఆ పాదాలకు వాగు ఇసుక ఇంకా అంటుకునే ఉంది. ఆమె పక్కన తండా రూప్‌సింగ్, తలకు తువ్వాలు చుట్టుకుని, ఎదురుగా నేనున్నాననే సంగతే తెలియనట్టు, గోడకు అంటించిన దోమల బొమ్మను జన్మలో దోమను చూడనట్టు చూస్తున్నాడు. చూడు రూప్‌సింగ్, బాగా చూడు. ఇప్పలవాగు రేషన్ డీలర్ సునంద తూకంలో బియ్యం కొడుతోందనీ, సర్కారు బియ్యం ఇంట్లో దాచి అమ్ముకుంటోందనీ కాగితం మీద వేలిముద్ర వేసినప్పుడు ఇంత జాగ్రత్తగా చూశావా? ఎండాకాలంలో మూతపడిన నా షాపు వానాకాలం సగమైనా తెరుచుకోలేదు. ఇవాళ లోపల ఆర్డీవో మేడం ముందు వీళ్లు ఏం చెబుతారో నేను వినాలి, విన్నాక వీళ్లను నేను ప్రశ్నలు అడగొచ్చు, హైకోర్టు నాకు ఇచ్చిన హక్కు అది. ఎన్ని ప్రశ్నలో. రాత్రి పక్కమీద ఒకటి, పొద్దున పళ్లు తోముకుంటూ ఒకటి, బస్సులో జామాయిల్ తోటల పొడుగునా ఇంకొకటి, అన్నీ నోట్లో మిరపగింజల్లా ఉన్నాయి, అటెండర్ ఎప్పుడు పిలుస్తాడా అని ఉంది, అతనేమో “మేడం వీడియో కాన్ఫరెన్సుల ఉన్నరు, కూసోండ్రి” అని తలుపు వేసేసుకున్నాడు.

కూర్చోవడం నాకు కొత్తా? ఈ నాలుగు నెలలు నేను చేసిందే కూర్చోవడం, మండలాఫీసు మెట్ల మీద, కలెక్టరేటు చెట్ల కింద, హైదరాబాదులో వకీలు నిర్మలాదేవి గారి గది బయట. అసలు జరిగిందేమిటి, ఎవరైనా ఒక్కరు నిలబడి అడిగారా? ఏప్రిల్‌లో ఆ పాడు గాలివాన వచ్చింది, మామిడికాయలన్నీ రాలిపోయిన వాన, షాపు రేకులు లేచిపోయాయి, బస్తాల మీద నీళ్లు కారుతున్నాయి. షాపు రేకులు కారుతున్నాయని అంతకుముందే మండలాఫీసులో నోటితో చెప్పాను, చూద్దామమ్మా అన్నారు. వాన చూద్దామంటే ఆగుతుందా, నేనూ మా ఆయన ఎల్లస్వామీ బస్తాలను ఒక్కొక్కటే వీపుల మీద మోసి మా ఇంటి ముందు గదిలో, మంచాలు ఎత్తేసి, పట్టాలు పరిచి పేర్చాము. సన్నబియ్యం, కొత్తగా వచ్చిన బియ్యం, తడిస్తే ముద్దయిపోయే బియ్యం. తెల్లారేసరికి జీపు వచ్చింది. వానకు పడిన చెట్లు రోడ్డు మీదే ఉన్నాయి, కరెంటు లేదు, అంబులెన్సు రాలేని దారిలో జీపు ఎట్లా వచ్చిందో మా ఇంటికే వచ్చింది. డిప్యూటీ తహసీల్దారు చెప్పులతోనే లోపలికి నడిచి బస్తాల మీద చెయ్యి వేసి, “సర్కారు స్టాకు ఇంట్ల ఎందుకున్నదమ్మా?” అన్నాడు. రేకులు లేచిపోయాయి సార్, వచ్చి చూడండి, షాపు పక్క సందులోనే ఉంది అన్నాను. పక్క సందులోకి నడవలేదు. నన్ను బస్తాల పక్కన నిలబెట్టి ఫోటో తీశారు, నేను నైటీ మీద టవల్ కప్పుకుని ఉన్నాను, జుట్టు కూడా ముడి వేసుకోలేదు. మధ్యాహ్నానికి ఆ ఫోటో మండలమంతా వాట్సాప్‌లో తిరిగింది, సత్తుపల్లిలో మా నాన్నకు కూడా చేరింది, గనిలో ముప్పై ఏళ్లు బొగ్గు తవ్వి ఒక్కనాడు మాట పడని మనిషి ఫోన్ చేసి, “ఏంది బిడ్డా ఇది?” అని ఆగిపోయాడు. సాయంత్రానికి షట్టర్ మీద సస్పెన్షన్ కాగితం అంటించారు. నోటీసు లేదు, నీ మాటేమిటని అడగడం లేదు, పొద్దున పట్టుకున్నారు, సాయంత్రం మూశారు. కోళ్ల దొంగను కూడా ఒక మాట అడుగుతారు కదా.

కోటేష్ ఇంకా బయటే ఉన్నాడు, వరండా కిటికీలోంచి కనబడుతున్నాడు, తెల్లచొక్కా, చెవి దగ్గర ఫోను, తన బొలేరోకు ఆనుకుని నవ్వుతున్నాడు. వీళ్లిద్దరినీ ఎక్కించుకుని తెచ్చింది అతనే. మా ఊళ్లో ఏ పార్టీ వస్తే ఆ పార్టీ జెండా కోటేష్ ఇంటి మీద ఉంటుంది. ఎవరూ తినలేని దొడ్డు బియ్యం ఇచ్చే రోజుల్లో అతనికి మా షాపంటే ప్రాణం, జనం ఇటు సంచి పట్టుకుని దిగగానే అటు అతని మనుషులు కొనేవాళ్లు, రాత్రికి రాత్రి బండ్లు వేంసూరు దాటి ఆంధ్రాలోకి పోయేవి. షాపు ముందు వద్దు, మీ వ్యాపారం ఊరి బయట చేసుకోండి అని నేను అన్నప్పుడే నామీద అతని కళ్లు పడ్డాయి. తర్వాత సన్నబియ్యం వచ్చింది, జనం అమ్ముకోవడం మానేసి వండుకుని తినడం మొదలుపెట్టారు, పిల్లలు రెండోసారి అన్నం అడుగుతున్నారని తండా ఆడవాళ్లు చెప్పుకుంటే నేను కూడా మురిసిపోయాను. అతనికి ఆ మురిపెం గొంతులో ముల్లైంది. ఇక బియ్యం దొరకాలంటే డీలరే చేతిలో ఉండాలి, అంటే తన బామ్మర్దిని నా షాపులో కూర్చోబెట్టాలి. ఇదంతా నాకు అర్థమైన కోపం. కోటేష్ మీద కోపం ముళ్లకంప మీద కోపం లాంటిది, దాని పని గుచ్చడం, నా పని తప్పుకుని నడవడం. అర్థం కానిది ఎదుటి బెంచీ మీద కూర్చుంది.

నిర్మలాదేవి గారి గదిలో ఆ కాగితం మొదటిసారి చూశాను. సర్కారు తరఫున కోర్టులో వేసిన జవాబుతో పాటు ఫిర్యాదు జిరాక్సు కూడా పెట్టారు. ఆవిడ కళ్లద్దాలు సవరించుకుని, “వీళ్లు మీకు తెలిసిన వాళ్లేనా అమ్మా?” అని నావైపు తిప్పారు. మా ఊరి పేర్లు, ఒక్కో పేరు పక్కన నల్లని మచ్చ. సమ్మక్క పేరు చూసి నేను ఇంకో సమ్మక్క అయి ఉంటుందనుకున్నాను, మా వైపు సమ్మక్కలకు కొదవా, కానీ ఇంటిపేరు ఉంది, గూడెం పేరు ఉంది. ఆమెకు కాన్పు చేసే చెయ్యి ఉంది, నా చిన్నకూతురు లిఖిత ఈ లోకంలోకి వచ్చింది ఆమె చేతుల్లోకే, వాగు పొంగి దవాఖానాకు పోలేని రోజున. తునికాకు కోసం అడవికి పోతే నాకని ఇప్పపూలు కొంగున కట్టుకొచ్చేది. నేను ఆ గది బయటికి వచ్చి, ఆటోలతో బస్సులతో మోతెక్కిపోతున్న ఆ రోడ్డు మీద, ఎవరూ వినరు కదా అని, బూతులు తిట్టాను. ఆమెనే తిట్టాను.

కోర్టులో మా కేసు వంతు రావడానికి పొద్దంతా పట్టింది, వచ్చాక ఒక గుక్కలో అయిపోయింది. నిర్మలాదేవి గారు నోటీసు లేకుండా, వినకుండా, అదే రోజు ఎట్లా మూస్తారు అన్నారు, సర్కారు వకీలు ఏదో గొణిగాడు, జడ్జిగారు కాగితం తిప్పారు, అంతే. సస్పెన్షన్ కొట్టేశారు, కావాలంటే పద్ధతిగా ఎంక్వైరీ పెట్టి, ఫిర్యాదు చేసినవాళ్లను ఆమె ప్రశ్నించే వీలిచ్చి తేల్చండి అన్నారు. నాకు ఇంగ్లీషు అర్థం కాక ఆవిడ మొహం చూశాను, ఆవిడ నవ్వారు, నేను అక్కడే చెప్పులు విప్పి దండం పెట్టబోతే, “ఇది గుడి కాదమ్మా, పదండి” అన్నారు. గెలిచానని మండలాఫీసుకు ఆర్డరు పట్టుకుని పోయాను. అక్కడ అదే డిప్యూటీ తహసీల్దారు దాన్ని అటు తిప్పి ఇటు తిప్పి, “ఎంక్వైరీ పెట్టమన్నరు గదా, అయినాక చూద్దాం” అన్నాడు. కొట్టేశారు సార్ అన్నాను. “చూద్దామమ్మా” అన్నాడు. రేకులకూ చూద్దామే, కోర్టుకూ చూద్దామే. ఆ మాటను పట్టుకుని నేలకేసి కొట్టాలనిపించింది, మాటను ఎట్లా కొడతావు, నా చెయ్యే నొప్పి పుట్టేలా బల్ల మీద కొట్టి వచ్చాను. ఎల్లస్వామి ఏమన్నాడంటే, కోటేష్‌తో ఒక్కసారి కూర్చుని మాట్లాడుకుందాం, ఎందుకీ కోర్టులు, ఊళ్లో ఉండాల్సినవాళ్లం అని. ఊళ్లో ఉంటే దొంగలా ఉండమంటావా అని ఆ రాత్రి అన్నం గిన్నె విసిరేశాను. పాపం ఆయనే ఊడ్చాడు. ఈ నెలలన్నీ ఊరివాళ్లు బియ్యానికి వాగు దాటి పక్క ఊరి షాపుకు పోతున్నారు, తలల మీద సంచులతో మా ఇంటి ముందునుంచే తిరిగి వస్తారు, మా గుమ్మం దగ్గరికి రాగానే మాటలు ఆపేస్తారు. ఒకరోజు సమ్మక్క కూడా పోయింది, తడిచిన చీర కుచ్చెళ్లు పిండుకుంటూ. మంచి పని అయింది అనుకున్నాను. అవును, అట్లాగే అనుకున్నాను, ఇంకా లోతు నీళ్లు రావాలి అనుకున్నాను.

ఇప్పుడు ఆమె తనలో తాను కోయలో ఏదో అనుకుంటోంది. కోడలినై వచ్చి ఇన్నేళ్లయినా నాకు ఆ భాష పట్టుబడలేదు, బియ్యం, ఉప్పు, రేపు రా, ఇంతవరకే వచ్చు. ఏం అనుకుంటోందో. లోపల చెప్పాల్సిన అబద్ధాన్ని వల్లె వేసుకుంటోందా? అడుగుతాను. నీకు తూకంలో ఎప్పుడు తక్కువ జోకిన్నో చెప్పు, ఏ నెల, ఎవరి ముందు. నా బిడ్డ బొడ్డు కోసిన చేత్తోనే ఆ ముద్ర వేశావా, అది చెప్పు. ఇది అడగకూడదని నిర్మలాదేవి గారు ఫోన్లో చెప్పారు, తూకం గురించి, స్టాకు గురించి మాత్రమే అడగండి, కోపం చూపించకండి, కోపం చూపిస్తే కేసు పలచబడుతుంది అన్నారు. నా కోపం తప్ప నా దగ్గర ఇంకేం మిగిలింది అమ్మా అందామనుకున్నాను.

తలుపు తెరుచుకుంది. “ఇప్పలవాగు వాళ్లు రండ్రి.”

ఆర్డీవో మేడం నాకంటే చిన్నది. బల్ల మీద చల్లారిన టీ, పక్కన ఆ డిప్యూటీ తహసీల్దారు, ఒక మూల టైపు చేసే అమ్మాయి. కోటేష్ కూడా లోపలికి రాబోతే మేడం, “మీరెవరు? బయటుండండి” అంది, ఆ ఒక్క మాటకు నా ఒంట్లో ఎక్కడో చల్లబడింది. ముందు రూప్‌సింగ్‌ను అడిగారు. అతను తువ్వాలు తీసి చేతిలో నలుపుతూ, “ఇండ్లు ఇస్తరట, పేరు రాపియ్యాలె అంటే ఏలు ఏసిన మేడం. బియ్యం ముచ్చట నాకు ఎర్క లేదు” అన్నాడు. ఎవరన్నారంటే కిటికీ వైపు చూసి నోరు మూసుకున్నాడు. పోనీ, మూసుకో, నీ నుంచి అంతే చాలు. నేను ఎదురు చూసింది అతనికోసం కాదు.

“సమ్మక్కా, ఈ ముద్ర నీదేనా?” అని మేడం కాగితం చూపించింది.

“అవ్, నాదే.”

“నీకు కూడా ఇండ్లకనే చెప్పిండ్రా?”

“అట్లనే చెప్పిండ్రు. గని అది ఇండ్ల కాయితం కాదని నాకు ఎర్కే. సునందమ్మ మీద రాసిండ్రని ఎర్కయ్యే ఏసిన.”

డిప్యూటీ తహసీల్దారు నిటారుగా కూర్చున్నాడు. రాత్రి నుంచీ దాచుకున్న ప్రశ్నల్లో ఈ మాటకు సరిపోయేది ఒక్కటీ లేదు. మేడం నావైపు చూసి, మీరు అడగాల్సింది అడగండి అంది. నేను లేచి నిలబడి, “ఓ పెద్దమ్మా, నీకు నేను ఒక్కనాడన్న తక్కువ జోకిన్నా?” అన్నాను.

“లేదు. ఎన్నడు తక్కువ జోకలే. ఎవ్వలికి జోకలే.”

“మరి ఏలు ఎందుకు ఏసినవ్?”

ఆమె మేడంను చూడలేదు, నన్నే చూసింది. “మాఘమాసంల బియ్యానికొచ్చిన. ఏలిముద్ర మిషన్ల నా ఏలు పడలే. లైన్ల అందరున్నరు. పేడ చేతులేసుకొని వస్తరు, మిషన్ ఎట్ల తీస్కుంటది, పో, వాగుల కడుక్కొని రాపో అన్నవ్. పొయ్యి కడుక్కొచ్చిన. మల్ల పడలే. మల్ల పో అన్నవ్. లైన్ల పోరగాండ్లు నవ్విండ్రు. ఆకరికి నువ్వే ఎట్లనో తిప్పలు పడి బియ్యం ఇచ్చినవ్, మంచిగనే ఇచ్చినవ్. గని నన్ను కుక్కను తరిమినట్టు రెండు పాలి తరిమినవ్. నా చేతులు పేడ చేతులని అప్పటిదాంక ఎవ్వలు అనలే.”

టైపు చేసే అమ్మాయి ఆగిపోయింది, ఇది రాయాలా వద్దా అన్నట్టు మేడం వైపు చూసింది. మేడం, “ఇది ఫిర్యాదులో లేదే?” అంది.

“రాసినాయన నన్ను అడగలే.”

“నోరు మంచిది కాదని లైసెన్సు తీసెయ్యనీకి రూల్ లేదమ్మా.”

“లైసెన్సు తీసెయ్యమని నేను అన్ననా? ఆమెకు ఎవలన్న చెప్పాలె గదా అనుకున్న. నేను చెప్తే ఇనది. సర్కారోళ్లు చెప్తరేమో అని ఏసిన.”

నాకు గుర్తు లేదు. అక్కడే నిలబడి వెతికాను, మాఘమాసం, లైను, మిషన్, సిగ్నల్ కోసం దాన్ని పట్టుకుని బజారు మధ్యలోకి పరిగెత్తడం, సర్వర్ పోయిందని జనం నన్ను తిట్టడం, నేను వాళ్లను తిట్టడం, ఇవన్నీ ఉన్నాయి, ప్రతి నెలా ఉన్నాయి, వాటిలో సమ్మక్క ముఖం మాత్రం లేదు. ఎవరెవరిని ఎన్ని మాటలన్నానో అన్నీ ఒకే అరుపులో కలిసిపోయాయి. అంటే నామీద పగ పట్టేంత మాట నాకు గుర్తుంచుకునేంత మాట కూడా కాలేదు. దానికి నాలుగు నెలలా? దానికి మా నాన్న నోట మాట పడిపోవాలా? ఆమెను పట్టుకుని ఊపేయాలనిపించింది, ఏం పెద్దమ్మా, నా ఇంటికొచ్చి ఒక్క తిట్టు తిడితే సరిపోయేది కదా అని అరవాలనిపించింది, అంతలోనే, నేను విని ఉండేదాన్నా అనే మాట ఎక్కడినుంచో వచ్చి నిలబడింది, దాని మీద కూడా కోపమే వచ్చింది.

మేడం డిప్యూటీ తహసీల్దారు వైపు తిరిగి, “ఇంట్లో బస్తాలు, షాపులో బస్తాలు కలిపితే స్టాకు సరిపోయిందా, లేదా?” అని అడిగింది. “సరిపోయింది మేడం, కాకపోతే...” అన్నాడు. “రిపోర్టులో ఆ మాట ఎక్కడుంది?” అంది. అతను కాగితాలు తిప్పాడు, లేని మాట కోసం చాలాసేపు తిప్పాడు. ఆరోపణలు రుజువు కాలేదు, షాపు ఈ రోజే అప్పజెప్పండి, ఆర్డరు సాయంత్రానికి పంపిస్తాను అంది. నా ఊపిరి ఇంకా పూర్తిగా వదలకముందే, “అయితే సునంద గారూ, రాతపూర్వకంగా చెప్పకుండా స్టాకు కదిలించినందుకు మీకు హెచ్చరిక” అని కూడా టైపు చేయించింది. నాకు హెచ్చరిక. చెప్పులతో ఇంట్లోకి వచ్చినవాడికి ఏమీ లేదు, నైటీలో ఫోటో తీసినవాడికి ఏమీ లేదు, నోటీసు లేకుండా మూసినవాళ్లకు ఏమీ లేదు. “మేడం, వాన కూడా రాసి చెప్పి రాలేదు” అన్నాను. ఆవిడ తల ఎత్తి చూసి, సంతకం చేయమని కాగితం నావైపు జరిపింది. చేశాను. కలం కాగితంలోకి దిగబడింది.

బయటికి వచ్చేసరికి బొలేరో లేదు. లోపల ఏం జరిగిందో కోటేష్‌కు అప్పుడే ఎవరో చెప్పేసినట్టున్నారు, తెచ్చినవాళ్లను రోడ్డు మీద వదిలేసి పోయాడు. రూప్‌సింగ్ సత్తుపల్లిలో చుట్టాలున్నారంటూ అటు జారుకున్నాడు. సమ్మక్క గేటు దగ్గర నిలబడి వచ్చే బండ్లను చూస్తోంది, బొగ్గు లారీలు, పామాయిల్ గెలల ట్రాక్టర్లు, ఏదీ ఆగదు. నేను ఆమెను దాటి షేర్ ఆటోల దగ్గరికి నడిచాను, మావైపు పోయే ఆటో ఎక్కి కూర్చున్నాను, డ్రైవర్ ఇంకొక మనిషి వస్తే కదులుదాం అన్నాడు, నిలబడి ఉన్న మనిషి ఆమె ఒక్కతే. పిలవను అనుకున్నాను. నడిచి రానీ, అడవంతా నడిచి రానీ అనుకున్నాను. “ఎక్కు, ఎంతసేపు నిలబడతవ్” అని అరిచాను. ఆమె వచ్చి నా పక్కనే ఇరుక్కుని కూర్చుంది. ఆమె మోచెయ్యి నా డొక్కలోకి గుచ్చుకుంటోంది, జరగమని నేను అనలేదు, ఆమె జరగలేదు.

ఊరు దాటాక, టేకు తోటల దగ్గర గాలి చల్లగా తగిలాక, ముందుకే చూస్తూ అడిగింది, “రేపు తీస్తవా షాపు?”

“తీస్త.”

“మల్ల నా ఏలు పడకపోతే?”

“పడకపోతే పడేదాంక పెట్టు. నాకు ఇంకేం పని. గని చూడు పెద్దమ్మా, నీ ఏలు ముద్ర నన్ను ఊళ్లె దొంగను చేసింది, నేను మర్చిపోను. నా నోరు గూడ గిట్లనే ఉంటది, నేను మల్ల అరుస్త.”

ఆమె కొంగు బిగించుకుని, ఆటో ఎక్కాక మొదటిసారి నావైపు తిరిగింది.

“అరువు,” అంది. “ఈ పాలి కాయితాల మీద ఏలు ఏయ. నేను గూడ అరుస్త.”